ఒకే మూసీ, రెండు చట్టాలు
(ఊరు – వాడ – నీళ్లు: 9వ భాగం)



పోయిన భాగంలో మహద్ చెరువు గురించి రాసినంక ముగ్గురు నలుగురు మిత్రులు ఇన్‌బాక్స్‌లో ఒకే మాట అడిగారు. "అన్నా, చెరువు నీళ్లు తాగనివ్వకపోవడం కులం సమస్య. ఫ్యాక్టరీ నీళ్లు చెరువులో కలవడం పర్యావరణం సమస్య. రెండూ వేరు కదా? మరి ఈ సిరీస్‌లో కంపెనీల గురించి ఎందుకు రాస్తానన్నారు?"

మంచి ప్రశ్న. యూనివర్సిటీలో కూడా ఇట్లనే విడగొట్టి చెప్తారు. కులం ఒక పేపర్, పర్యావరణం ఇంకో పేపర్. కానీ నల్లగొండలో మూసీ ఒడ్డున నిలబడి చూస్తే ఈ రెండు పేపర్లూ ఒక్కటే అయిపోతాయి. ఎట్లనో ఈ భాగంలో చెప్తాను. కొంచెం పొడుగుంటది, ఓపికగా చదవండి.

1. మైలకు బోర్డు అక్కర్లేదు

ఇంగ్లీషులో పొల్యూషన్ అనే మాట ఒక్కటే. ఫ్యాక్టరీ మురికికీ అదే, అంటరానితనానికీ అదే. తెలుగులో మనకు రెండు మాటలున్నాయి. మనిషి తాకితే మైల, రసాయనం కలిస్తే కాలుష్యం. 'కాలుష్యం'కు మూలం 'కలుషం'. నిఘంటువు తీసి చూస్తే దానికి మురికి అనీ పాపం అనీ రెండర్థాలూ కనబడతాయి. అంటే ఒకప్పుడు ఈ రెండు భావాలూ ఒకే మాటలో ఉన్నయి. సర్కారు కాగితాల దాకా వచ్చేసరికి మైల ఊళ్లోనే ఉండిపోయింది, కాలుష్యం ఆఫీసుకు పోయింది.

ఇప్పుడు ఈ రెండిటి అమలు చూడండి. మైల చట్టానికి ఇన్‌స్పెక్టర్ లేడు, ల్యాబ్ లేదు, శాంపిల్ బాటిల్ లేదు, అప్పీలు లేదు. అయినా వేల ఏండ్లు ప్రతి ఊళ్లో, ప్రతి బావి దగ్గర, ప్రతి హోటల్ గ్లాసు దగ్గర అది నూటికి నూరు పాళ్లు అమలైంది. 1927 మార్చి 20న బాబాసాహెబ్ వెంట మన జనం మహద్‌లో చౌదార్ చెరువు నీళ్లు దోసిట్లో తీసుకొని తాగారు. తర్వాత సవర్ణులు ఏం చేశారు? ఆవు పేడ, ఆవు మూత్రం, పాలు, పెరుగు కలిపిన 108 కుండలు ఆ చెరువులో కుమ్మరించి "శుద్ధి" చేశారు. కాలుష్యం పడ్డ చోటును బాగుచేయడాన్ని ఇప్పుడు రెమెడియేషన్ అంటున్నాం కదా. మన దేశంలో రెమెడియేషన్ చేతగాదని ఎవరన్నా అంటే ఈ 108 కుండల సంగతి చెప్పండి. చేయాలనుకుంటే రోజుల్లో చేస్తారు. అయితే ఆ నీళ్లలో కలిసింది మన చెయ్యి కాబట్టి చేశారు.

2. 1974 చట్టం, 1985 చెరువు

నీళ్లను పాడుచేయడం నేరమని పార్లమెంటు 1974లో చట్టం చేసింది. జల కాలుష్య నివారణ, నియంత్రణ చట్టం. నీళ్లు రాష్ట్రాల పరిధిలోని విషయం కనుక రాజ్యాంగం 252వ అధికరణం కింద కొన్ని రాష్ట్రాలు తీర్మానం చేస్తే కేంద్రం తెచ్చింది. మన దగ్గర కాలుష్య నియంత్రణ బోర్డు 1976లో ఏర్పడింది. ఆ చట్టంలో 24వ సెక్షన్ చాలా సూటిగా ఉంటది: విషపూరితమైనది, హానికరమైనది, మురికిచేసేది ఏదైనా తెలిసి తెలిసి వాగులోగానీ బావిలోగానీ ఎవరూ కలపరాదు. కలిపితే జైలు. 1988 సవరణ తర్వాత ఆ శిక్ష ఏడాదిన్నర నుంచి ఆరేండ్ల దాకా.

ఈ చట్టం వచ్చిన 11 ఏండ్లకు, 1985 జూలై 16న ప్రకాశం జిల్లా కారంచేడులో ఏం జరిగిందో మీకు తెలుసు. మాదిగపల్లె తాగునీటి చెరువును కమ్మ యువకులు మురికి చేస్తుంటే ఒక మాదిగ పిల్లవాడు ఇదేందని అడిగాడు. వాణ్ని కొడుతుంటే నీళ్లకొచ్చిన మున్నంగి సువార్త అడ్డం పోయి బిందె ఎత్తింది. తెల్లారి, జూలై 17న, పల్లె మీద పడి ఆరుగురు మాదిగలను చంపారు. ఆడవాళ్ల మీద అత్యాచారాలు చేశారు.

కారంచేడును మనం ఆత్మగౌరవ పోరాటంగా చదువుకున్నాం. అది నిజం. నా పీహెచ్‌డీ కాలంలో దళిత సాహిత్యం మీద రాసిన వ్యాసాలన్నీ అక్కడి నుంచే మొదలయ్యేవి. కానీ ఇంకో నిజం కూడా ఉంది. "మేం తాగే నీళ్లు పాడుచేయొద్దు" అని అడిగినందుకు మన రాష్ట్రంలో ప్రాణాలు పోయిన ఘటన అది. పర్యావరణ చరిత్ర పుస్తకాల్లో చిప్కో ఉంటది, సైలెంట్ వ్యాలీ ఉంటది. కారంచేడు ఉండదు. సువార్తను పర్యావరణ కార్యకర్త అని ఎవరూ అనలేదు.

పుస్తకాలు మరిచినా చట్టం ఒకచోట దీన్ని రాసుకుంది. కారంచేడు తర్వాత, చుండూరుకు ముందు, 1989లో ఎస్సీ ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం వచ్చింది. దాని 3(1) సెక్షన్ పూర్తిగా చదివినవాళ్లు మనలో తక్కువ. కులం పేరుతో తిట్టడం దగ్గరనే ఆగిపోతాం. అందులో రెండో అంశం: ఎస్సీ ఎస్టీల ఇండ్ల దగ్గర, వాళ్ల వాడలో అవమానించాలనో ఇబ్బంది పెట్టాలనో వ్యర్థాలు, కళేబరాలు, ఏ రోత పదార్థమైనా పారబోయడం నేరం. పదమూడో అంశం: ఎస్సీ ఎస్టీలు మామూలుగా వాడుకునే ఊట, చెరువు, ఇంకే నీటి వనరునైనా ఆ వాడకానికి పనికిరాకుండా పాడుచేయడం నేరం. శిక్ష ఆరు నెలల నుంచి ఐదేండ్లు. 2015 సవరణలో నంబర్లు మారినయి, విషయం పోలేదు.

అంటే ఈ దేశంలో నీళ్లను కాపాడే చట్టం 1974ది ఒక్కటే కాదు. కారంచేడు రక్తం నుంచి వచ్చింది ఇంకోటి ఉంది. దీన్ని గుర్తుపెట్టుకోండి, చివర మళ్లీ అవసరం పడతది.

3. ఒకే నదికి ఊరు, వాడ

ఇప్పుడు మూసీకి వద్దాం.

మూసీ వికారాబాద్ దగ్గర అనంతగిరి గుట్టల్లో పుట్టి, పట్నం మధ్యలోంచి పారి, భువనగిరి, వలిగొండ, రామన్నపేట, సూర్యాపేట వైపు దిగి, వాడపల్లి దగ్గర కృష్ణలో కలుస్తది. 1908 సెప్టెంబర్ 28 వరద పట్నాన్ని ముంచింది. ఆ తర్వాత నిజాం సర్కారు పైన రెండు చెరువులు కట్టింది. మూసీ మీద ఉస్మాన్‌సాగర్ 1920లో, ఈసీ మీద హిమాయత్‌సాగర్ 1927లో పూర్తయినయి. పట్నానికి వరద తప్పింది, తాగునీళ్లు దొరికినయి. కింది నల్లగొండకు మాత్రం వానాకాలం దాటితే పట్నం వదిలిన నీళ్లే నది అయింది.

పైన ఉన్న నీళ్లను కాపాడటానికి చట్టం ఎంత గట్టిగా నిలబడ్డదో చూడండి. 1996 మార్చి 8న జీవో 111 వచ్చింది. రెండు చెరువుల చుట్టూ 10 కిలోమీటర్ల లోపల, 84 ఊళ్లలో, కాలుష్య పరిశ్రమలు పెట్టొద్దు. ఒక కంపెనీ శంషాబాద్ మండలం పెద్దషాపూర్ దగ్గర ఆముదం నూనె ఉత్పత్తుల ఫ్యాక్టరీ కట్టుకుంది. బోర్డు సమ్మతి ఇవ్వలేదు. కంపెనీ అప్పీలుకు పోయి గెలిచింది, హైకోర్టులో కూడా గెలిచింది. బోర్డు సుప్రీంకోర్టుకు పోయింది. అదే ఏపీ కాలుష్య నియంత్రణ బోర్డు వర్సెస్ ప్రొఫెసర్ ఎం.వి. నాయుడు కేసు. దేశమంతా లా కాలేజీల్లో చదివిస్తారు.

1999 జనవరి 27న జస్టిస్ ఎం. జగన్నాథరావు ఇచ్చిన తీర్పులో రెండు సూత్రాలు మనకు ముఖ్యం. ఒకటి ముందుజాగ్రత్త సూత్రం: హాని జరిగిందని తేలేదాకా ఆగొద్దు, జరిగే ప్రమాదం ఉంటేనే ఆపొచ్చు. రెండోది రుజువు భారం: నా వల్ల హాని లేదని కంపెనీయే రుజువు చేసుకోవాలి, హాని ఉందని జనం రుజువు చేయాల్సిన పనిలేదు. 2000 డిసెంబర్‌లో తుది తీర్పు వచ్చింది. రాష్ట్ర ప్రభుత్వం మధ్యలో ఇచ్చిన మినహాయింపు కూడా చెల్లలేదు. ఫ్యాక్టరీ నడవలేదు.

గొప్ప తీర్పు. నేను దాన్ని తప్పుపట్టడం లేదు. జీవో 111 ఆ 84 ఊళ్ల చిన్న రైతులకు కూడా ఇబ్బందులు తెచ్చింది, ఆ సంగతి వేరే మాట్లాడుకోవాలి. నేను అడిగేది ఒక్కటే. రుజువు భారం కంపెనీదే అన్న ఆ సూత్రం అత్తాపూర్, చాదర్‌ఘాట్, నాగోల్ దాటి నల్లగొండ దిక్కు ఎందుకు రాలేదు? నది అదే. పైన పట్నపోళ్లు తాగే నీళ్లు కనుక 10 కిలోమీటర్ల కంచె. కింద మనం వాడే నీళ్లు కనుక కంచె లేదు.

మన ఊళ్లు ఎట్లుంటయో యాదికి తెచ్చుకోండి. పైన ఊరు, పల్లంలో వాడ. ఊరి మోరీ వాడ దిక్కు పారుతది. మూసీకి కూడా అట్లనే ఒక ఊరు, ఒక వాడ ఏర్పడ్డయి. పట్నం ఊరైంది, నల్లగొండ వాడైంది.

4. పటాన్‌చెరు విషం నల్లగొండకు

ఇది మాటవరసకు అన్న పోలిక కాదు. ఒక పైపులైన్ చరిత్ర చెప్తాను.

మెదక్ జిల్లా పటాన్‌చెరు, బొల్లారంలో 1970ల నుంచి పారిశ్రామిక వాడలు వచ్చాయి. బల్క్ డ్రగ్ కంపెనీలు నీళ్లను నక్కవాగులోకి వదిలాయి. చెరువులు చచ్చిపోయినయి, బావులు రంగు మారినయి. డాక్టర్ కిషన్‌రావు లాంటివాళ్లు జనం పక్కన నిలబడి ఏండ్ల తరబడి కొట్లాడారు. 1990లో ఇండియన్ కౌన్సిల్ ఫర్ ఎన్విరో-లీగల్ యాక్షన్ సుప్రీంకోర్టులో కేసు వేసింది. ఆ కేసు సుప్రీంకోర్టు నుంచి 2001లో హైకోర్టుకు, అక్కడి నుంచి హరిత ట్రిబ్యునల్‌కు తిరిగి 2017లో తీర్పు దాకా వచ్చింది. 27 ఏండ్లు. కేసు వేసిననాడు పుట్టిన పిల్లకు తీర్పు నాటికి పెండ్లై పిల్లలుంటారు. ఇన్నేండ్లు కేసు నడిచినంక కూడా, 2009లో కేంద్ర కాలుష్య నియంత్రణ మండలి దేశంలో అత్యంత కలుషితమైన 43 పారిశ్రామిక ప్రాంతాల జాబితా వేస్తే పటాన్‌చెరు–బొల్లారం అందులో ఉంది.

ఈ మధ్యలో ఏం పరిష్కారం దొరికింది? 1990ల్లో కంపెనీల నీళ్లన్నీ ఒకచోట శుద్ధి చేసే ఉమ్మడి ప్లాంట్ పటాన్‌చెరులో పెట్టారు. అది శుద్ధి చేసినా నక్కవాగుకు పనికిరాని నీళ్లే వస్తున్నాయని తేలింది. అప్పుడు సుమారు 18 కిలోమీటర్ల పైపులైన్ వేసి, ఆ నీళ్లను పట్నం మురుగులో కలిపి, అంబర్‌పేట మురుగు శుద్ధి కేంద్రానికి పంపి, అక్కడి నుంచి మూసీలో వదలాలని నిర్ణయించారు. జీడిమెట్ల ఉమ్మడి ప్లాంట్ నీళ్లది కూడా అంబర్‌పేట దారే.

ఇందులో కిటుకు అర్థం చేసుకోవాలి. మన ప్రమాణాలు లీటరుకు ఎన్ని మిల్లీగ్రాములు అని కొలుస్తయి, మొత్తం ఎన్ని టన్నులు నదిలో పడ్డది అని కాదు. రసాయన నీళ్లలో పదింతల మురుగు కలిపితే లీటరు లెక్క తగ్గుతది. కాగితం మీద పాస్. విషం మాత్రం ఒక్క గ్రాము తగ్గలేదు. మురుగు శుద్ధి కేంద్రం పని మలమూత్రాల్లాంటి కుళ్లే పదార్థాన్ని సూక్ష్మజీవులతో తినిపించడం. నీళ్లలో కరిగిన లవణాలను అది ఏం చేయలేదు.

ఆ ఉమ్మడి ప్లాంట్ నుంచి బయటికొచ్చే నీళ్లను స్వీడన్ శాస్త్రవేత్త జోకిమ్ లార్సన్ బృందం పరీక్షించి 2007లో ప్రచురించింది. సిప్రోఫ్లాక్సాసిన్ అనే యాంటీబయాటిక్ లీటరుకు 31 మిల్లీగ్రాముల దాకా దొరికింది. మందు మింగిన రోగి రక్తంలో ఉండేదానికన్నా ఎక్కువ. ప్రపంచమంతా ఉలిక్కిపడ్డది. మందులకు లొంగని సూక్ష్మజీవులు ఇట్లాంటి నీళ్లలోనే పెరుగుతయని యూరప్ పత్రికలు రాశాయి. మన కేంద్ర ప్రభుత్వం 2020 జనవరిలో యాంటీబయాటిక్ అవశేషాలకు పరిమితులు పెడుతూ ముసాయిదా తెచ్చింది. 2021 ఆగస్టులో తుది నోటిఫికేషన్ వచ్చేసరికి ఆ పరిమితులు అందులో లేవు.

కేసు పటాన్‌చెరు ఊళ్లది. పరిష్కారం బరువు మూసీ కింది ఊళ్లది. మెదక్ ఊళ్ల మీద నాకు కోపం లేదు, వాళ్లూ మనలాంటి బాధితులే. కానీ న్యాయం అంటే విషాన్ని తీసేయడం. ఒక జిల్లా నుంచి ఇంకో జిల్లాకు పంపడం న్యాయం ఎట్లయితది?

5. నీళ్లలో ఎవరు నిలబడతారు?

మూసీ మీద నల్లగొండ దిక్కు కత్వలున్నయి. కత్వ అంటే నదికి అడ్డంగా కట్టిన చిన్న ఆనకట్ట. వాటి నుంచి భీమలింగం కాలువ, ధర్మారెడ్డి కాలువ, ఆసిఫ్ నహర్ లాంటి కాల్వలు పోతయి. ఇంకా కిందికి సోలిపేట దగ్గర 1963లో పూర్తయిన మూసీ ప్రాజెక్టు. కరువు జిల్లాలో ఎండాకాలం కూడా పారే నది ఇది, పట్నం మురుగు పుణ్యమా అని. అందుకే రైతు ఈ నీళ్లను వద్దనలేడు. ఈ నీళ్లతోనే రెండు పంటల వరి. నల్లగొండ వాళ్లు నురగ చూస్తూ కూడా నీళ్లు పెట్టుకునేది అందుకే, తెలివి లేక కాదు.

అయితే పొలం ఒకరిది, పొలంలో దిగే కాళ్లు ఇంకొకరివి. నాటేసేది, కలుపు తీసేది ఎక్కువగా మాదిగ, మాల, వెనుకబడిన కులాల ఆడవాళ్లు. రోజంతా మోకాటి లోతు ఆ నీళ్లలో వంగి ఉంటారు. కాళ్లకు దురదలు, పుండ్లు. మా క్లాసులో మూసీ ఊళ్ల నుంచి వచ్చే పిల్లలను అడిగితే అమ్మ కాళ్ల సంగతి చెప్పని పిల్ల ఉండదు. చాకలోళ్లు అదే నీళ్లలో బట్టలు ఉతకాలి. బెస్తలు అదే నీళ్లలో వల వేయాలి.

ఇక్కడే కాలుష్య పరిహారం కులం బయటపడతది. పంట నష్టం లెక్క ఎకరాల్లో కడతారు. తరికి ఇంత, ఖుష్కికి ఇంత. పట్టా పాస్‌బుక్కు ఉన్నోనికి చెక్కు వస్తది. ఎకరం లేనామెకు ఏ లెక్క? ఆమె కాళ్లు ఏ సర్వే నంబర్‌లోకి వస్తయి? కాలుష్య చట్టం భూమి నష్టాన్ని చూస్తది, బావి నష్టాన్ని చూస్తది. కూలి దేహాన్ని చూడదు. ఫ్యాక్టరీ గోడ లోపల పనిచేసే కార్మికుడికి 2025 దాకా 1948 ఫ్యాక్టరీల చట్టం ఉండేది. భోపాల్ తర్వాత 1987లో దానికి ప్రమాదకర ప్రక్రియల అధ్యాయం చేర్చారు. అందులో ఆరోగ్య రికార్డులు, వైద్య పరీక్షలు ఉండేవి. గోడ అవతల అదే రసాయనంలో నిలబడ్డ కూలీకి అట్లాంటి వైద్య పరీక్ష ఏ చట్టంలోనూ లేదు.

6. సమ్మతి ఎవరిది?

ఇప్పుడు నల్లగొండలోనే ఉన్న కంపెనీల సంగతి. విజయవాడ రోడ్డు మీద చౌటుప్పల్, చిట్యాల, లోపలికి పోతే పోచంపల్లి, బీబీనగర్. చేనేతకు పేరున్న పోచంపల్లి మండలంలోనే దోతిగూడెం దిక్కు మందుల కంపెనీల వాసన. పాలమూరు దిక్కు కొత్తూరు, షాద్‌నగర్, జడ్చర్ల. మెదక్, రంగారెడ్డి, మహబూబ్‌నగర్, నల్లగొండ, ఈ నాలుగు జిల్లాల్లో బల్క్ డ్రగ్ యూనిట్ల మీద ఆంక్షలు ఉండేవి. 2013లో వాటిని సడలించి విస్తరణకు దారి తెరిచారు.

కంపెనీ పెట్టాలంటే బోర్డు నుంచి రెండు కాగితాలు కావాలి. స్థాపనకు సమ్మతి, నడపడానికి సమ్మతి. నేను తెలుగు పంతులును కదా, మాట దగ్గర ఆగుతాను. సమ్మతి అంటే ఒప్పుకోవడం. ఎవరు ఒప్పుకోవాలి? నీళ్లు వాడే ఊరు కదా? చట్టంలో ఒప్పుకునేది బోర్డు. అది కూడా 25వ సెక్షన్ ప్రకారం దరఖాస్తు ఇచ్చిన నాలుగు నెలల్లో బోర్డు ఏ జవాబూ ఇవ్వకపోతే సమ్మతి ఇచ్చినట్టే లెక్క. ఆఫీసు నోరు మూసుకుంటే కంపెనీకి లాభం.

ఇక శాంపిల్. మన పిల్లలు ఎర్రనీళ్లను బాటిల్‌లో పట్టి ఫోటో దిగి పెడతారు. కోర్టులో అది సాక్ష్యం కాదు. 21వ సెక్షన్ ప్రకారం బోర్డు మనిషే తీయాలి, కంపెనీకి నోటీసు ఇవ్వాలి, నమూనాను రెండు భాగాలు చేసి సీలు వేయాలి. ఆ పద్ధతి తప్పితే ల్యాబ్ రిపోర్టు చెల్లదు. కంపెనీ హక్కు కాపాడటానికి పెట్టిన నియమం అది, పూర్తిగా తప్పు అనను. కానీ ఊళ్లో అందరికీ తెలిసిన సంగతేంది? ట్యాంకర్ రాత్రి వస్తది. మోరీ వానపడ్డనాడు తెరుచుకుంటది. సీలు, నోటీసు పట్టుకొని అధికారి పగలు వస్తడు. రాత్రి చేసిన నేరానికి పగటి సాక్ష్యం కావాలంటది చట్టం. చుక్క నీరు బయటికి వదలం, జీరో లిక్విడ్ డిశ్చార్జ్ అని అనుమతి తీసుకున్న కంపెనీకి కూడా ట్యాంకర్లు ఎందుకు తిరుగుతయో అడిగేవాడు ఉండాలి.

కంపెనీలు మన వాడల పక్కనే ఎందుకు వస్తయన్నది ఇంకో ప్రశ్న. దీనికి జవాబు కాలుష్య చట్టంలో దొరకదు, భూమి చట్టంలో ఉంది. 1977 అసైన్డ్ భూముల చట్టం ప్రకారం సర్కారు మనకిచ్చిన భూమిని మనం అమ్ముకోరాదు. మన మేలుకే పెట్టిన నిబంధన. కానీ "ప్రజా ప్రయోజనం" అని సర్కారు వెనక్కి తీసుకోవచ్చు. పట్టాదారుతో బేరమాడటం కన్నా దళితుని అసైన్డ్ భూమి లాక్కోవడం తేలిక. జడ్చర్ల దగ్గర పోలేపల్లిలో అదే చూశాం. దళితుల, లంబాడీల, బీసీల భూములు పోయి సెజ్ వచ్చింది, మందుల కంపెనీలు వచ్చినయి. 2008 జడ్చర్ల ఉప ఎన్నికలో ఆ బాధితులే నామినేషన్లు వేసి నిలబడ్డారు. భూమి పోయిన జనం ఆ కంపెనీల పక్కనే బతకాలి, ఆ నీళ్లే తాగాలి.

7. అడగడం కూడా తీసేశారు

ఊరిని అడిగే పద్ధతి ఒకటి చట్టంలోకి ఆలస్యంగా వచ్చింది. పర్యావరణ అనుమతికి ముందు ప్రజాభిప్రాయ సేకరణ జరపాలని 1997లో తెచ్చారు. 2006 నోటిఫికేషన్‌లో దాన్ని మళ్లీ రాశారు. టెంటు కింద ఒక మైకు, రెండు బస్సుల పోలీసులు, కంపెనీ బిర్యానీ. ఆ సభలు ఎట్ల జరుగుతయో మనకు తెలుసు. అయినా అది ఒక్కటే మన వాడ మనిషి కలెక్టర్ ముందు మైకు పట్టుకొని, మాట్లాడింది రికార్డుకు ఎక్కే చోటు.

2018 జీవ ఇంధన విధానం తర్వాత పెట్రోల్‌లో ఇథనాల్ కలపడం దేశ కార్యమైంది. 2021 జూన్‌లో కేంద్రం ఒక సవరణ తెచ్చింది. పెట్రోల్‌లో కలపడానికే ఇథనాల్ చేసే, చుక్క బయటికి వదలమనే ధాన్యం డిస్టిలరీలను బీ2 కేటగిరీలో పెట్టింది. బీ2 అంటే ప్రజాభిప్రాయ సేకరణ అక్కర్లేదు. తర్వాత పాలమూరులో ఏం జరిగింది? నారాయణపేట జిల్లా మరికల్ మండలం చిత్తనూరులో ఇథనాల్ కంపెనీ మీద చుట్టుపక్కల ఊళ్లు లేచినయి. 2023 అక్టోబర్ 22న ఘర్షణ, లాఠీచార్జి, అరెస్టులు. 2025 జూన్‌లో గద్వాల జిల్లా రాజోలి మండలం పెద్ద ధన్వాడలో జనం తిరగబడితే కేసులు పెట్టారు. అరెస్టు చేసిన రైతులను బేడీలు వేసి అలంపూర్ కోర్టుకు తెచ్చారు. మమ్మల్ని అడగకుండా ఎట్ల పెడతరన్నదే రెండు చోట్లా ఊరి ప్రశ్న. మైకు తీసేస్తే మనిషి రోడ్డెక్కుతడు. రోడ్డెక్కితే బేడీలు.

అటు కంపెనీకి మాత్రం జైలు భయం పోతున్నది. 2023 జన్ విశ్వాస్ చట్టంతో గాలి కాలుష్య చట్టంలో, పర్యావరణ పరిరక్షణ చట్టంలో చాలా ఉల్లంఘనలకు జైలు తీసేసి 10 వేల నుంచి 15 లక్షల దాకా జరిమానా పెట్టారు. 2024లో జల చట్టానికీ అదే సవరణ చేశారు. ముందు హిమాచల్, రాజస్థాన్, కేంద్రపాలిత ప్రాంతాలకు, ఆ తర్వాత తీర్మానం చేసిన రాష్ట్రాలకు అది వర్తిస్తది. పైన చెప్పిన జీవో 111 సంగతి కూడా చూడండి. పట్నం భూముల ధరలు పెరిగినంక 2022 ఏప్రిల్‌లో జీవో 69తో దాన్ని కూడా సడలించారు. ఊరి కంచెకే దిక్కు లేనప్పుడు వాడకు కంచె ఎవరు వేస్తరు?

8. మన చేతిలో ఏముంది?

నిరాశతో ముగించడం నాకు ఇష్టం లేదు. చేయగలిగినవి కొన్ని ఉన్నయి.

ఒకటి. జల చట్టం 49వ సెక్షన్ ప్రకారం బోర్డు కేసు వేయకపోతే ఎవరైనా 60 రోజుల నోటీసు ఇచ్చి నేరుగా మేజిస్ట్రేట్ కోర్టులో ఫిర్యాదు చేయొచ్చు. అప్పుడు బోర్డు తన దగ్గరున్న సంబంధిత రిపోర్టులు అడిగినవాళ్లకు ఇవ్వాలి. 60 రోజుల్లో కంపెనీ సర్దుకుంటది, నిజమే. అయినా రిపోర్టులు బయటికి వస్తయి.

రెండు. మీ ఊరి కంపెనీ సమ్మతి పత్రం సమాచార హక్కు కింద తీసుకోండి. ఎన్ని కిలోలీటర్ల నీళ్లు, ఏ ఉత్పత్తులు, వ్యర్థాలు ఎక్కడికి పంపాలి అన్నీ అందులో షరతులుగా ఉంటయి. ఆ షరతు ఏందో తెలియకుండా ఉల్లంఘన జరిగిందని చెప్పలేం.

మూడు, నేను అసలు చెప్పాలనుకున్నది. కంపెనీ నీళ్లు మన వాడ బావిలోకి, మన వాడ బోరులోకి, మన వాడ పశువులు తాగే కుంటలోకి వచ్చినప్పుడు మనం కాలుష్య బోర్డుకు వినతిపత్రం ఇస్తాం. పోలీస్ స్టేషన్‌కు పోయి అట్రాసిటీ చట్టం కింద ఫిర్యాదు ఇవ్వాలని మనకు తట్టదు. 1989 చట్టం పదమూడో అంశంలో "కులం పేరుతో" అన్న మాట లేదు, అవమానించే ఉద్దేశం ఉండాలన్న మాట కూడా లేదు. ఎస్సీ ఎస్టీలు వాడుకునే నీళ్లు పనికిరాకుండా చేస్తే నేరం, అంతే. యజమానులు ఆ కులాల వాళ్లు కాకపోతే చాలు. ఇది కోర్టులో ఎంతవరకు నిలబడతదో, కంపెనీ తరఫున ఎవరిని నిందితుణ్ని చేయాలో మన వకీళ్లు చూడాలి. మన న్యాయవాద మిత్రులకు ఇది నా విన్నపం: ఒక్క మంచి కేసు తయారుచేయండి. నాయుడు కేసు పైన చెరువులను కాపాడినట్టు, కింద వాడల నీళ్లను కాపాడే కేసు ఒకటి రావాలి.

మనిషి చెయ్యి తాకితే 108 కుండలతో కడిగిన దేశం ఇది. ఆ కడగడం మనకు వద్దు. మన బావిలో కలిసిన రసాయనాన్ని తీయమని మాత్రం అడుగుదాం. వినతిపత్రంలో బతిమాలొద్దు, సెక్షన్ నంబర్ రాసి అడుగుదాం.

మూసీ కత్వల కింది ఊళ్ల మిత్రులు, చౌటుప్పల్, జడ్చర్ల, మరికల్, రాజోలి దిక్కు మిత్రులు మీ వాడ నీటి వనరు ఏది, ఎప్పటి నుంచి పాడైంది, ఎవరికి ఫిర్యాదు ఇచ్చారు, ఏ జవాబు వచ్చింది అన్నవి తేదీలతో రాసి పంపండి. మనుషుల పేర్లు అక్కర్లేదు. వచ్చే భాగంలో ఫ్లోరైడ్ నీళ్లు, నల్లగొండలో మంచినీళ్ల ట్యాంకు ఏ దిక్కు కట్టారన్న చరిత్ర.

జై భీమ్.